చదవకుండా దాటేసిన వాక్యం

క్రితం నెలలో మా మేనకోడలు స్వాతికి తోడుగా బందరు వెళ్ళాను. స్వాతీ, ఆమె భర్తా పరస్పర అంగీకారంతో విడాకులు తీసుకుంటున్నారు. పిటిషన్ మీద సంతకాలు పెట్టే రోజున ఇంటి పెద్ద ఒకరు పక్కనుంటే బాగుంటుందని మా చెల్లెలు నన్ను పంపింది. "నీకు ఆ వ్యవహారం తెలుసు కదన్నయ్యా" అంది. మా కుటుంబంలో ఆ వ్యవహారం తెలిసినవాణ్ణి నేనొక్కణ్ణే. పిల్లలిద్దరూ బెజవాడ నుంచి ఒకే కారులో వచ్చారు, పామర్రులో ఆగి టిఫిన్ చేశామని కూడా చెప్పారు. వాళ్ళని చూసి ముచ్చట పడాలో బాధపడాలో తెలియక లాయరు ఆఫీసులో ఓ మూల కుర్చీలో కూర్చున్నాను. లాయరు చిన్నపిల్ల, మహా అయితే ముప్పై ఏళ్ళుంటాయి. కాగితం చదివి వినిపిస్తుంటే స్వాతి ఒకచోట ఆపింది. ఏడాదికి పైగా వేరువేరుగా ఉంటున్నామని రాశారు, కానీ మేమిద్దరం ఒకే ఫ్లాట్‌లో చెరో గదిలో ఉన్నాం, ఆయనకి జ్వరం వస్తే నేనే చూసుకున్నాను, అబద్ధం మీద సంతకం పెట్టను అంది. ఆ పిల్లాడు కూడా తల ఊపాడు. లాయరమ్మాయి నవ్వి, "వేరుగా ఉండటమంటే వేరే ఇంట్లో ఉండాలని కాదండీ. భార్యాభర్తల్లా కాపురం చెయ్యట్లేదు, అంతే. జరిగింది జరిగినట్టే రాద్దాం. ఇదేం కొత్త సంగతి కాదు, ఎప్పటినుంచో ఉన్నదే" అంది. గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు నేను అటూ ఇటూ చూశాను. నాకేసి ఎవరూ చూడటం లేదు. మంచినీళ్ళు తాగుతానని లేచి వరండాలోకి వెళ్ళిపోయాను.

ముప్పై ఏళ్ళ పైమాట. అదే ఊళ్ళో, ఆ వీధికి రెండు వీధుల అవతల, నేను కూడా అలాంటి కాగితం మీదే సంతకం పెట్టాను. నా మొదటి భార్య పేరు నాంచారమ్మ. దివిసీమలో అవనిగడ్డ దాటాక వాళ్ళ ఊరు. నాంచారమ్మ వాళ్ళ ఇలవేల్పు, ఇంటికో నాంచారమ్మ ఉంటుంది అక్కడ. నేను గుడివాడలో ఓ ప్రైవేటు కాలేజీలో ఎకనామిక్స్ చెప్పేవాణ్ణి, ఇన్‌షర్ట్ చేసుకుని, నల్ల కళ్ళజోడు పెట్టుకుని. నా శుభలేఖలో ఆ పేరు ఉండటానికి వీల్లేదన్నాను. వాళ్ళ అన్నయ్య ఎంత బతిమాలినా వినకుండా 'సుజాత' అని అచ్చు వేయించాను. పెళ్ళయ్యాక ఓ రోజు ఆ శుభలేఖ చేతికి తీసుకుని, "ఎవరండీ ఈవిడ, నాకంటే ముందు చేసుకున్నారా?" అంది. మా అమ్మ పడీపడీ నవ్వింది. నాకు నవ్వు రాలేదు. అమ్మ మొదటి రోజునుంచీ నాంచారీ అనే పిలిచింది. నేను సుజాతా అని పిలిస్తే ఆ మనిషి రెండోసారి పిలిచేదాకా పలికేది కాదు. పొగరనుకున్నాను. ఆ పేరు తనదన్న సంగతి ఆమెకి గుర్తుండేది కాదంతే.

మేం ఎప్పుడూ పోట్లాడుకోలేదు. ఆ మాట ఇన్నాళ్ళూ గొప్పగా చెప్పుకుంటూ వచ్చాను. పోట్లాడలేదు కానీ, నేను మాట్లాడటం మానేశాను. మా కాలేజీ వాళ్ళు ఇంటికొస్తే ఆమె పెద్దగా నవ్వుతుందని, పేరడిగితే నాంచారమ్మండీ అని చెప్పేస్తుందని భయం. వాళ్ళొచ్చినప్పుడు వంటింట్లోంచి రావద్దనేవాణ్ణి. ఇంట్లో ఈగల మోత, బయట పల్లకీ మోత అంటారే, నా పల్లకీ అటువంటిది. అప్పుడే కాలేజీలో కమల చేరింది. ఇంగ్లీషు చెప్పేది. ఏమీ జరగకపోయినా అన్నీ జరిగిపోయినట్టే నా మనసు నడిచింది. నాంచారమ్మ ఒకరోజు నాకు మజ్జిగ పోస్తూ, ఇంకొంచెం పొయ్యనా అన్నంత మామూలుగా, "మీకు నేనంటే ఇష్టం లేదు కదండీ" అంది. నేను విస్తరాకు అంచులు మడుస్తూ కూర్చున్నాను. మూడేళ్ళ కాపురం ఆ మజ్జిగతో ముగిసింది. పెద్దమనుషులు కూర్చున్నారు, ఎవరి సామాను వాళ్ళు తీసుకోవాలన్నారు, స్టాంపు కాగితం మీద విడాకులని రాసి ఇద్దరిచేతా సంతకాలు పెట్టించారు. మా వైపు ఊళ్ళల్లో అలా రాసుకుని మళ్ళీ పెళ్ళిళ్ళు చేసుకున్నవాళ్ళు బోలెడుమంది. నేను దాన్ని బందరు తీసుకెళ్ళి లాయరుకి చూపిస్తే, పెద్దాయన కళ్ళజోడు పైకి తోసి, "ఇందులో పకోడీలు కట్టుకోవచ్చు మాష్టారూ" అన్నాడు. హిందూ వివాహ చట్టం పదమూడు బి కింద ఏడాది వేరుగా ఉండి కోర్టుకి రావాలి, వచ్చాక ఆరునెలలు ఆగి మళ్ళీ రావాలి, రెండుసార్లూ ఇద్దరూ ఇష్టమేనని చెప్పాలి అన్నాడు. సరేనన్నాను. నాంచారమ్మ దివిసీమకి వెళ్ళిపోయింది.

ఆమె వెళ్ళిన రెండు నెలలకి అమ్మకి పక్షవాతం వచ్చింది. అమ్మ ఎలాంటి మనిషంటే, పొద్దున్నే కళ్ళాపి చల్లి ముగ్గు పెట్టాక, వంటింటి గుమ్మం దగ్గర చీమలకి చిటికెడు బెల్లం వేసి, "ఇక లోపలికి రాకండే" అని వాటితో ఒప్పందం చేసుకునే మనిషి. రేడియోలో వార్తలు చదివేవాళ్ళకి కూడా జవాబు చెప్పేది. అలాంటి మనిషికి కుడివైపంతా పడిపోయి మాట పోయింది. నాన్న అంతకు ముందే పోయాడు, చెల్లెలు పురిటికి సిద్ధంగా ఉంది. నేను అమ్మకి స్పూనుతో గంజి పడితే సగం మెడమీదుగా కారిపోయేది. పళ్ళు బిగించి నాకేసి కోపంగా చూసేది. నాలుగో రోజు మధ్యాహ్నం నేను కాలేజీ నుంచి వచ్చేసరికి నాంచారమ్మ మంచం పక్కన కూర్చుని అన్నం మెత్తగా పిసికి, వేలితో చెంపలోకి నెట్టి, గొంతు నిమురుతూ తినిపిస్తోంది. అమ్మ తింటోంది. ఎవరు కబురు పెట్టారో నాకు ఈనాటికీ తెలియదు. అవనిగడ్డలో ఎక్కి, పామర్రులో బస్సు మారి, చిన్న సంచీతో వచ్చింది. "మీకోసం రాలేదండి. ఆవిడ తిండి మానేశారంటే వచ్చాను" అంది. నేను అన్న మొదటి మాట ఇప్పటికీ నా చెవుల్లో ఉంది. వీధి గుమ్మంలోంచి రావద్దు, కాలవగట్టు మీద నుంచి దొడ్డి గుమ్మంలోకి రా, ఎవరన్నా చూస్తే కోర్టులో కేసు పాడవుతుంది అన్నాను. ఆమె తల ఊపి అమ్మ మూతి తుడిచింది.

ఆ రోజు నుంచి అమ్మ పోయేదాకా ఆమె అక్కడే ఉంది. నేను కాలేజీ దగ్గర ఒక గది తీసుకుని పొద్దున్నా సాయంత్రం వచ్చి అమ్మని చూసి వెళ్ళేవాణ్ణి. అడిగినవాళ్ళందరికీ ముదినేపల్లి నుంచి ఒక ఆయాని పెట్టామని చెప్పాను. ఎదురింటి పిన్నిగారికి నిజం తెలుసు. ఆవిడ దొడ్డివైపు నుంచి కూరగాయలు అందించేది, నా ఎదుట మాత్రం ఆయా అనే అనేది. కమల కూడా స్టాఫ్ రూములో అడిగింది, ఆయా బాగా చూసుకుంటోందా అని. చూసుకుంటోందండీ, అన్నాను. ఆ ఇంట్లోకి అడుగు పెడుతూనే వేడి చేసిన తైలం వాసన వచ్చేది. గుంటగరిటెలో తైలం కాచి, చేతికి పట్టే వేడికి వచ్చాక, అమ్మ కాలూ చెయ్యీ గంటసేపు రుద్దేది. తర్వాత కాగులో నీళ్ళు, తర్వాత గంజి, తర్వాత మూడు గంటలకోసారి అటొత్తిగిలించి ఇటొత్తిగిలించి వీపుకి పౌడరు. రుద్దుతున్నంతసేపూ ఊళ్ళో సంగతులన్నీ అమ్మకి చెప్పేది, మధ్యమధ్య అమ్మ తరఫున తనే జవాబు కూడా చెప్పేది. ఒక్క పుండు పడలేదు అమ్మ వంటిమీద. డాక్టరు కూడా ఆయా ఎవరండీ, చేయి మంచిదే అన్నాడు. ఆమె పక్క గదిలో ఉంది. నేను అవునండీ అన్నాను.

ఏడాది నిండగానే లాయరు పిటిషన్ తయారుచేశాడు. నేను ఆయనకి నిజం చెప్పాను, అంతవరకూ నయం. ఆయన పెన్ను బల్లమీద పెట్టి ఆలోచించి, "ఒకే ఇంట్లో వస్తూ పోతూ ఉన్నారంటే జడ్జిగారు నాలుగు ప్రశ్నలు వేస్తారు. ఎందుకొచ్చిన గోల? ఆవిడ వెళ్ళిన దగ్గర్నుంచి మీ ఇంటి గడప తొక్కలేదని రాసేద్దాం" అన్నాడు. ఆ మాట వినగానే నాకు హాయిగా అనిపించింది, దాచేదేముంది. కేసు తేలికవుతుందని మాత్రమే కాదు. కోర్టు కాగితంలోనే లేకపోతే ఆ ఏడాది నిజంగానే లేనట్టు లెక్క, రేపు కమలకి చెప్పాల్సిన పని కూడా ఉండదు అనుకున్నాను. పిటిషన్ ఇంగ్లీషులో టైపు చేసి ఇచ్చారు. నాంచారమ్మకి ఇంగ్లీషు రాదు. లాయరు ఆఫీసులో గుమస్తా ఏదో పనిలో ఉంటే, మీరే చదివి చెప్పండి మాష్టారూ, పాఠం చెప్పేవారేగా అన్నాడు లాయరు. నేను వాక్యం వాక్యం తెలుగులో చెప్పాను. పెళ్ళి తేదీ చెప్పాను, పిల్లలు లేరని చెప్పాను, కలిసి బతకలేమని ఇద్దరం అనుకున్నామని చెప్పాను. ఆ ఒక్క వాక్యం వచ్చేసరికి దాటేసి కిందిదానికి వెళ్ళిపోయాను. ఆమె శ్రద్ధగా వింది. చివర్లో, "అత్తయ్యగారి సంగతి రాశారాండీ ఇందులో?" అని అడిగింది. అది అవసరం లేదులే అన్నాను. ప్రతి పేజీ మీదా మెల్లగా, గుండ్రంగా సంతకం పెట్టింది. ఇరవై ఎనిమిదేళ్ళు పాఠాలు చెప్పాను నేను. అన్నిట్లోకీ బాగా గుర్తున్న పాఠం అదే.

పిటిషన్ వేసిన రోజున ఆమె గుడివాడలోనే, మా ఇంట్లోనే ఉంది కాబట్టి ఇద్దరం ఒకే బస్సెక్కాల్సి వచ్చింది. ఆమె ముందు ఆడవాళ్ళ సీట్లో, నేను చివర. పెడన దాటాక నా పక్కాయన, ఎక్కడిదాకా అండీ, ఒక్కరేనా అని అడిగితే ఒక్కణ్ణే అన్నాను. కోనేరు సెంటర్లో దిగి, ఆమె ముందు నడుస్తుంటే వెనక ఇరవై గజాల్లో నేను నడిచాను. పని అయ్యాక మళ్ళీ అలాగే వెనక్కి వచ్చాం. ఆ పూట అమ్మని కనిపెట్టుకుని ఉన్న పిన్నిగారు మా ఇద్దరికేసీ మార్చి మార్చి చూసి దొడ్డిదారిన వెళ్ళిపోయింది. నాంచారమ్మ కాళ్ళు కడుక్కుని నేరుగా తైలం గిన్నె పొయ్యి మీద పెట్టింది.

అమ్మ ఆ తర్వాత నాలుగో నెలలో పోయింది, పట్టపగలు, గంజి తాగనని మూతి తిప్పుకున్న కాసేపటికే. నేను కాలేజీ నుంచి పరుగెత్తుకొచ్చేసరికి నాంచారమ్మ అమ్మకి ఒళ్ళు తుడిచి, ఉతికిన చీర కట్టి, తల దువ్వుతోంది. ఏడవటం లేదు. దువ్వెన చిక్కు దగ్గర ఆగితే అమ్మకి నొప్పెడుతుందేమోనని మెల్లగా విడదీస్తోంది. నాకు అమ్మ పోయిందన్న దుఃఖం కంటే ముందు వచ్చిన ఆలోచన ఇంకోటి. చెల్లెలి అత్తవారొస్తారు, కాలేజీ వాళ్ళొస్తారు, కమల వస్తుంది. రెండో వాయిదా ఇంకా రెండు నెలలుంది. "చుట్టాలొచ్చేస్తారు. నువ్వు బయల్దేరు" అన్నాను. ఆమె దువ్వెన ఆపి, "జడ అల్లేసి వెళ్తానండి" అంది. అల్లింది. తన సంచీ తీసుకుని, అమ్మ పాదాలకి దణ్ణం పెట్టి, దొడ్డి గుమ్మంలోంచి కాలవగట్టు మీదికి వెళ్ళిపోయింది. పదమూడు నెలల పైన కనిపెట్టుకున్న మనిషి పాడె లేవడం కూడా చూడలేదు. పెద్దకర్మ రోజున అందరూ ఆయాకి ఏమన్నా ఇచ్చారా అని అడిగారు. ఇచ్చి పంపామన్నాను.

రెండో వాయిదాకి ఆమె వాళ్ళ అన్నయ్యతో వచ్చింది. జడ్జిగారు పెద్దాయన, నెమ్మదైన గొంతు. మళ్ళీ ఆలోచించుకున్నారా, ఎవరైనా బలవంతం చేశారా అని ఇద్దర్నీ అడిగారు. లేదన్నాం. ఆయన పేజీ తిప్పి, ఆమెకేసి చూసి తెలుగులో అడిగారు. "అమ్మా, విడిపోయిన దగ్గర్నుంచి ఆయన ఇంటికి ఒక్కసారి కూడా వెళ్ళలేదని రాశారు. నిజమేనా?"

ఆ మాట ఆమె వినడం అదే మొదటిసారి. తల తిప్పి నాకేసి చూసింది. నేను నా చెప్పులకేసి చూశాను.

"వెళ్ళలేదండి" అంది.

విడాకులు వచ్చేశాయి. బయటికొచ్చి, సిగ్గులేని మనిషిని కాబట్టి, బందరు లడ్డూ పొట్లం కొన్నాను, కమలకి. బస్టాండులో అవనిగడ్డ బస్సు కోసం నాంచారమ్మ, వాళ్ళన్నయ్య నిలబడి ఉన్నారు. పొట్లం వీపు వెనక్కి పెట్టుకుని, తేలు కుట్టిన దొంగలా స్తంభం చాటుకి తప్పుకున్నాను. వాళ్ళు ఎక్కి వెళ్ళిపోయేదాకా నెయ్యి కాగితంలోంచి చేతికి అంటుకుంటూనే ఉంది.

కమలని పెళ్ళి చేసుకున్నాను. మంచి మనిషి, మంచి కాపురం, అందులో అబద్ధం లేదు. ఆ అబద్ధం ఒక్కటి తప్ప. ఆమె జాలిపడినప్పుడల్లా, పాపం ఆ ఆయా ఎక్కడుందో అనేది. ఇన్నాళ్ళూ నాకు నేను చెప్పుకున్న సముదాయింపు ఒకటుంది. ఆ వాక్యం నా ఇష్టంతో రాసింది కాదు, చట్టం అలా ఉంది, రాయకపోతే విడాకులు వచ్చేవి కావు అని. స్వాతి లాయరు ఆ సముదాయింపు కూడా తీసేసింది. ఆ పిల్లలు పిటిషన్లో రాయించుకున్న మాటలు చదివాను. ఫలానా నెలలో అతను జబ్బు పడ్డప్పుడు ఆమె చూసుకుందని, అయినా కాపురం కలవలేదని రాశారు. ఈ కాలం పిల్లలకి ఓర్పు లేదని, విడాకులంటే కాఫీ తాగినట్టయిపోయిందని మా వయసువాళ్ళం సాయంత్రాలు బల్లమీద కూర్చుని తీర్పులిస్తుంటాం. మా ఓర్పు ఎలాంటిదో నాకు తెలుసు. ఒకరు చేసిన మేలుని కాగితం మీద ఒప్పుకోడానికి ఆ పిల్లలకి ఒక్క నిమిషం పట్టింది.

ఇంటికొచ్చి అటక మీది అమ్మ ట్రంకుపెట్టె దింపాను. అడుగున, పాత పంచల కింద, నలభై పేజీల నోటు పుస్తకం ఉంది. అక్కడుందని నాకు ఎప్పటినుంచో తెలుసు, దాచింది నేనే. నాంచారమ్మ గుండ్రటి అక్షరాలు. ఆరు గంటలకి గంజి అర గ్లాసు, తాగారు. తొమ్మిదికి మాత్ర. పదకొండుకి ఎడమవైపు తిప్పాను. ఒకచోట, ముంజె నోట్లో పెడితే నవ్వారు అని ఉంది. ఆఖరి పేజీలో, పొద్దున గంజి వద్దన్నారు అని ఉంది, అంతే. కమల కళ్ళజోడు పెట్టుకుని కాసేపు చదివి, "ఆయాకి చదువొచ్చా?" అంది. అప్పుడు చెప్పాను, మొత్తం. ఆమె కోప్పడుతుందనుకున్నాను. పుస్తకం మూసి, "నేను పరామర్శకి వచ్చిన రోజు, దొడ్డి గుమ్మం దగ్గర ఆడవాళ్ళ చెప్పులు కనిపించాయి. ఎవరివో అనుకున్నాను" అంది. చెప్పులు కూడా వేసుకోకుండా వెళ్ళిందన్నమాట. ఆ సంగతి నాకు ఆ క్షణం వరకూ తెలియదు. ఇది మనిల్లు దాటాల్సిన వస్తువు, మీరే తీసుకెళ్ళి ఇవ్వండి అంది కమల.

అవనిగడ్డలో నాంచారమ్మ పెడన కలంకారీ చీరలు అమ్మే కొట్టు నడుపుతోందని వాకబు చేస్తే తెలిసింది. మళ్ళీ పెళ్ళి చేసుకుంది, కొడుకు, కోడలు ఉన్నారు. జుట్టంతా నెరిసింది, గుర్తుపట్టడానికి మాత్రం నాకూ ఆమెకీ ఎంతోసేపు పట్టలేదు. "రండి మాష్టారూ, కూర్చోండి" అంది. ఎవరైనా పిలిచే పిలుపే అది. పుస్తకం ఇచ్చాను. కౌంటరు మీద పెట్టుకుని పేజీలు తిప్పింది, ముంజెల దగ్గర ఆగింది. నేను పదిసార్లు మనసులో చెప్పుకుని వచ్చిన మాటలు తప్పులతడకగా చెప్పాను. ఆ వాక్యం రాయక్కర్లేదట, ఆ రోజు కావాలనే చదవలేదు అన్నాను. అది తెలుసునన్నట్టు చెయ్యి ఊపింది. మరి జడ్జిగారికి నిజం చెప్పలేదేం అని అడిగాను. నువ్వు అనాలో మీరు అనాలో తెలియక ఏదీ అనకుండా అడిగాను.

"మీ పరువు కోసమనుకున్నారా?" అంది. "వెళ్ళానంటే మళ్ళీ వాయిదా వేస్తారేమోనని భయమేసిందండి. అప్పటికి నాకూ చాలయింది."

ముప్పై ఏళ్ళుగా అది ఆమె త్యాగం అనుకుంటూ ఉన్నాను. సిగ్గుపడటంలో కూడా నన్ను నేను గొప్పగా చూసుకున్నాను. పరస్పర అంగీకారం అన్న మాటకి ఆమె వైపు కూడా ఒక మనిషి ఉందని నాకు ఎన్నడూ తట్టలేదు. లేవబోతుంటే ఆపింది.

"ఒక్కటడగనా? మీ ఎదురింటి పిన్నిగారు ఓసారి పామర్రులో కనిపించి చెప్పారు, నన్ను ఆయా అని చెప్పారటగా అందరికీ. ఆ ఆయాకి పేరేం పెట్టారు?"

పేరేం పెట్టలేదన్నాను.

"సుజాత అని పెట్టాల్సింది మాష్టారూ. ఆ పేరు ఖాళీగానే ఉంది కదా" అంది. కోపంగా అనలేదు. ఎవరో చీరలకోసం వస్తే లేచి వాళ్ళ దగ్గరికి వెళ్ళింది. పుస్తకం కౌంటరు సొరుగులో పెట్టుకుంది. నేను బస్సెక్కి వచ్చేశాను.

కోర్టులో అప్పుడు రాసింది ఇప్పుడు దిద్దే వీలు లేదని స్వాతి లాయరు చెప్పింది. అందుకని ఇక్కడ రాస్తున్నాను. విడిపోయిన రెండు నెలల తర్వాత నుంచి మా అమ్మ పోయేదాకా నాంచారమ్మ మా ఇంట్లోనే ఉంది. మా అమ్మకి అన్నం పెట్టింది, ఒళ్ళు తుడిచింది, చివరికి జడ అల్లింది. నేను రమ్మన్నట్టే దొడ్డి గుమ్మంలోంచి వచ్చింది, పొమ్మంటే చెప్పుల్లేకుండా ఆ గుమ్మంలోంచే వెళ్ళింది.